స్నేహితుడి చెరువు గట్టు

కొత్తగా ఉద్యోగంలో చేరిన ఇంజనీర్లు కొందరు నాకు ఫోన్ చేస్తుంటారు. రిటైరైనదాన్ని కాబట్టి తీరిగ్గా దొరుకుతానని వాళ్లకు తెలుసు. వాళ్లు అడిగేవాటిలో ఒక ప్రశ్న మాత్రం తరచూ వస్తుంది. “మేడమ్, బాగా కావలసినవాళ్లు పనిమీద ఆఫీసుకొస్తే ఏం చేయాలి?” స్నేహితులకూ చుట్టాలకూ దారి వదలొద్దని నేను గట్టిగా చెబుతానని వాళ్ల అంచనా. ఆ మాట చెప్పడానికి నేనక్కర్లేదు. కండక్ట్ రూల్సు పుస్తకం చాలు. కానీ ఆ మాటకు రెండో వైపు ఒకటుంది. అది నాకు ఏ పుస్తకంలోనూ కనబడలేదు. ఒక మంచి ఆఫీసరు చేసిన పొరపాటులో కనబడింది.

అప్పట్లో నేను పామర్రు వైపు డ్రెయిన్ల మీద ఏఈగా, అంటే అసిస్టెంట్ ఇంజనీరుగా, పనిచేస్తున్నాను. డెల్టాలో కాలువలు పొలాలకు నీళ్లు తెస్తాయి. పొలాలకు ఎక్కువైన నీళ్లను డ్రెయిన్లు సముద్రానికి చేరుస్తాయి. నీళ్లు తెచ్చేవాళ్లకు సన్మానాలు జరుగుతాయి. తీసుకుపోయేవాళ్లు పెద్ద వాన పడేదాకా ఎవరికీ గుర్తుండరు. గుర్తొచ్చిన రోజున తిట్టడానికే గుర్తొస్తారు.

నా పైఅధికారి, ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు, మా ఈఈ గారి ఆఫీసు విజయవాడలో. ఆయనకు చెవులు బ్రహ్మాండంగా వినిపించేవి గానీ, కాంట్రాక్టరు ఎవరైనా లోపలికి వచ్చి గొంతు తగ్గించగానే చెయ్యి చెవి వెనక పెట్టుకుని, “కాస్త గట్టిగా చెప్పండి, నాకు సరిగ్గా వినపడదు” అనేవారు. గది తలుపు ఎప్పుడూ బార్లా తెరిచే ఉండేది. అంత గట్టిగా చెప్పుకోగలిగిన మాటలు కాంట్రాక్టర్ల దగ్గర ఎక్కువ ఉండవు కదా. చాలామంది వాతావరణం గురించి మాట్లాడి, కాఫీ తాగి వెళ్లిపోయేవారు.

ఆయన ఫ్రీమేసన్లనే పాతకాలపు సోదర సంఘంలో సభ్యుడు. విజయవాడలో వాళ్ల లాడ్జి, అంటే సభ్యులు కలుసుకునే శాఖ, ఒకటుంది. నెలకో శనివారం సాయంత్రం ఆఫీసు నుంచే నల్లటి పల్చని పెట్టె పట్టుకుని అక్కడికి వెళ్లేవారు. ఆ పెట్టె గురించి ఆఫీసులో రకరకాల కథలుండేవి. అందులో పుర్రె ఉందని మా అటెండరు నమ్మకం. ఒకరోజు ఈ సంగతి ఆయన చెవిన పడింది. అందర్నీ పిలిచి, టేబుల్ మీద పెట్టె తెరిచి చూపించారు. నీలం అంచున్న తెల్లటి తోలు ఏప్రను, తెల్ల గ్లౌజులు.

“ఇంతేనాండీ?” అన్నాడు అటెండరు, ఎవరో మోసం చేసినట్టు.

“ఇంతేనయ్యా. ఒకళ్లనొకళ్లు గుర్తుపట్టే పద్ధతి ఒకటుంటుంది. అది బయటికి చెప్పం. మిగతాదంతా నిజాయితీగా ఉండండి, పక్కవాడికి సాయం చేయండి అని మన ఇంట్లో అమ్మలు చెప్పేదే.”

“ఆడవాళ్లని రానిస్తారా సార్?” అని నేనడిగాను.

“మా లాడ్జిలో లేదమ్మా.”

“అమ్మ చెప్పేది వినడానికి అమ్మని మాత్రం రానివ్వరన్నమాట.”

ఆయన పెద్దగా నవ్వారు. తర్వాత చాలాసార్లు, “మా ఏఈ ఏమందో తెలుసా” అని ఆ మాట వాళ్ల లాడ్జిలోనే చెప్పారట. నేను చెబుతున్న ఏడాది ఆ లాడ్జికి ఆయనే మాస్టరు, అంటే అధ్యక్షుడు.

లాడ్జిలో ఆయనకు బాగా దగ్గరైన మనిషి ఒక ముస్లిం వ్యాపారి. విజయవాడ వన్‌టౌన్‌లో ఆయనకు ఐస్ ఫ్యాక్టరీ ఉంది. ఇద్దరూ ఒకే రోజున సభ్యులయ్యారు. ఒకాయన గీత మీద, ఒకాయన ఖురాన్ మీద చెయ్యిపెట్టి ప్రమాణం చేశారు. ఆ ఫ్యాక్టరీ ఆయనకు మా డ్రెయిను పక్కనే ఒక చేపల చెరువుండేది. ఈఈ గారు ఆ డివిజనుకు వచ్చిన రోజే ఆయనతో చెప్పేశారట, “నేనిక్కడ ఉన్నన్నాళ్లూ మీరు మా ఆఫీసు గడప తొక్కొద్దు” అని. ఆయన తొక్కలేదు. చిన్న పనికైనా గుమాస్తానే పంపేవారు. ఆ గుమాస్తా కూడా అందరితోపాటు వరండాలో బల్ల మీద కూర్చునేవాడు.

ఆ ఏడాది వరి పొట్ట దశలో ఉండగా వాయుగుండం పట్టింది. ఎడతెరిపి లేకుండా వాన. మా డ్రెయిను పొంగి పొలాలమీద పడింది. ఊరి పక్కన పల్లంలో ఉన్న కాలనీలోకి నీళ్లొచ్చాయి. మట్టిగోడల ఇళ్లు రెండు కూలాయి. మంచాల మీద మంచాలు వేసి పిల్లల్ని కూర్చోబెట్టారు. నేను గట్టు మీద నిలబడి చూస్తుంటే నాకు అర్థంకాని విషయం ఒకటే. డ్రెయిను నిండుగా ఉంది గానీ నీళ్లు కదలడం లేదు. వాన తగ్గాక కూడా నీటిమట్టం దిగడం లేదు. ఎండుటాకు వేస్తే వేసినచోటే తిరుగుతోంది.

పొద్దున్నే ఈఈ గారు వచ్చారు. ఆయన వచ్చేసరికి గట్టు మీద జనం గుంపుగా ఉన్నారు. అందరి వేళ్లూ ఒకవైపే చూపిస్తున్నాయి. ఎదురుగా ఐస్ ఫ్యాక్టరీ ఆయన చెరువు. ఎత్తయిన గట్టు. ఆ గట్టే నీళ్లకు అడ్డం పడుతోందనీ, డ్రెయిను స్థలం ఆక్రమించి కట్టారనీ, దాన్ని కొట్టేస్తే నీళ్లు అవతలి పొలాల్లోంచి దిగిపోతాయనీ వాళ్ల వాదన.

నేను ఆయన్ని పక్కకు తీసుకెళ్లి చెప్పాను. “సార్, ఇక్కడ కాదు. కింద ఎక్కడో పట్టేసింది. రోడ్డు మునిగిపోయి నేను వెళ్లలేకపోయాను. మధ్యాహ్నానికి పడవొస్తుంది. వెళ్లి చూసొస్తాను.”

“చెరువు అవతల పల్లమేనా?”

“నాకు తెలిసి మెరకే సార్. చెరువులోకి కాసిని నీళ్లు పోతాయి, అంతే.”

ఆయన తలూపారు. జనం దగ్గరికి వెళ్లి, పడవ వచ్చేదాకా ఓపిక పట్టమన్నారు. అప్పుడు ఆ ఊరి పెద్దమనిషి ఒకాయన ముందుకొచ్చాడు. తెల్ల చొక్కా, చేతిలో గొడుగు. దిగువన ఆయనకూ చేపల చెరువులున్నాయి. 

“ఇంకెవరిదైనా అయితే ఈపాటికి కొట్టించేసేవారండీ మీరు. మీ లాడ్జీ ఆయనది గదా. అందుకే పడవ కోసం చూస్తున్నారు. ఇక్కడ పిల్లలు మంచాల మీదున్నారు, తమరు స్నేహం చూసుకుంటున్నారు.”

వెనక నుంచి ఎవరో ఈల వేశారు. “లోపల ఏం ఒట్లు పెట్టుకున్నారో చెప్పమనండీ!” అన్నారింకెవరో.

నేను ఆ క్షణంలో ఆయన మొహం చూశాను. అన్నేళ్ల ఉద్యోగంలో ఆయన్ని తిట్టినవాళ్లున్నారు, బెదిరించినవాళ్లున్నారు. పక్షపాతి అన్నవాళ్లు లేరు. ఆ మాట ఆయనకు కొత్త. నా వైపు గానీ డ్రెయిను వైపు గానీ చూడకుండా, “పొక్లెయిను ఎక్కడుంది?” అని అడిగారు.

చెరువు కాపలావాడు పరుగెత్తుకొచ్చి కాళ్ల మీద పడ్డాడు. ఇంకో నెలలో చేప పట్టుబడికి వస్తుందని ఏడ్చాడు. వాడే యజమానికి ఫోన్ చేసినట్టున్నాడు. కాసేపటికి ఈఈ గారి జేబులో ఫోన్ మోగింది. ఆయన తీసి పేరు చూశారు. కట్ చేశారు. మళ్లీ మోగింది. ఈసారి ఫోనే ఆపేశారు.

గట్టు తెగగానే జనం కేరింతలు కొట్టారు. నీళ్లు చెరువులోకి దూకాయి. డ్రెయినులో మట్టం కాస్త దిగింది, కాలనీలో గడపలు బయటపడ్డాయి. అంతలో చెరువూ డ్రెయినూ ఒకే మట్టానికి వచ్చాయి. ఇక దిగడం ఆగిపోయింది. చేపలు మాత్రం ఆగలేదు. వలలున్నవాళ్లు వలలతో, లేనివాళ్లు దోమతెరలతో, పాత చీరలతో పట్టుకున్నారు. ఆ మధ్యాహ్నం కాలనీలో పొయ్యి వెలిగించే చోటు లేకపోయినా గంపలనిండా చేపలున్నాయి.

పడవ వచ్చింది. నేను దిగువకు వెళ్లాను. వంతెన దాటాక నీళ్ల మీద గుర్రపుడెక్క మొక్క చాపలా పరుచుకుని ఉంది. దాన్ని గెడతో తొలగిస్తే కింద మట్టి తగిలింది. డ్రెయినుకు అడ్డంగా కట్ట. దాని మీద వెదురుతడికలు, వలలు. పక్కనున్న చెరువులకు నీళ్లు మళ్లించుకోవడానికి ఎండాకాలంలో వేసి, పైన గుర్రపుడెక్క పెరగనిచ్చారు. ఆ చెరువులు గొడుగు పెద్దమనిషివి.

ఈఈ గారి ఫోను ఇంకా ఆపే ఉంది. ఆయన డ్రైవరు ఫోనుకు చేసి ఆయనకు చెప్పాను.

“పొక్లెయిను అక్కడికి పంపిస్తున్నాను” అన్నారు.

అడ్డుకట్ట తీశాక మర్నాటికల్లా నీళ్లు లాగేశాయి. ఆ సాయంత్రం ఐస్ ఫ్యాక్టరీ ఆయన వచ్చారు. ప్యాంటు మడిచి, తెగిన గట్టు అంచున నిలబడి ఖాళీ నీళ్లను చూస్తూ ఉన్నారు. ఈఈ గారు ఎదురుగా వెళ్లి నిలుచున్నారు. నేను నాలుగడుగుల దూరంలో ఉన్నాను.

“ఒక్క ఫోన్ చేయాల్సింది సార్” అన్నారాయన. తిట్టలేదు, గొంతు పెంచలేదు. “ఎవరి చెరువైనా కొట్టేముందు పిలిచి ఒక మాట చెబుతారు గదా. వలైనా వేయించుకునేవాణ్ని.”

ఈఈ గారు ఏమీ అనలేదు. ఐస్ ఫ్యాక్టరీ ఆయన కారెక్కి వెళ్లిపోయారు.

కొన్నాళ్లకు బందరు కోర్టు నుంచి నోటీసు వచ్చింది. ఐస్ ఫ్యాక్టరీ ఆయన ప్రభుత్వం మీద నష్టపరిహారం దావా వేశారు. ఆయన ఒక్కరి డబ్బే కాదు, ఆ చెరువులో వాటాలున్న కౌలుదార్లు ఇంకొందరున్నారు. ఈఈ గారు వెంటనే సర్వేయర్ని పిలిపించి చెరువు కొలిపించారు. గట్టు మొత్తం పట్టా భూమిలోనే ఉంది. డ్రెయిను స్థలానికి చాలా దూరం వదిలి మరీ కట్టారు. బహుశా ఈఈ గారి స్నేహితుణ్నని ఆయనా జాగ్రత్త పడి ఉంటారు.

ఆ నెల శనివారం సాయంత్రం ఈఈ గారు పెట్టె తీయలేదు. ఏదో ఎస్టిమేటు మీద సంతకం కోసం వెళితే గదిలోనే కూర్చుని ఉన్నారు.

“లాడ్జికి వెళ్లలేదా సార్?”

“మాకు ఒక పద్ధతుందమ్మా. ఇద్దరు సభ్యుల మధ్య మనస్పర్థలుంటే, అవి తీర్చుకోకుండా లోపల కలిసి కూర్చోకూడదు. ఎవరో ఒకరు బయట ఉండాలి. తప్పు నాది కదా, ఆయనెందుకు మానాలి? నా కుర్చీ ఇంకొకరికి అప్పజెప్పాను.”

“వెళ్లి ఆయనతో మాట్లాడితే సరిపోదా సార్? ఇక్కణ్నుంచి వన్‌టౌన్ ఎంత దూరం?”

“కేసు నడుస్తోంది. నేను ప్రభుత్వం తరఫు సాక్షిని. వాదిని ఇంటికెళ్లి కలిస్తే ఏమవుతుంది? తప్పు కదూ?”

తప్పే. ఆయన చెప్పేవాటితో ఎప్పుడూ అదే చిక్కు.

సాక్ష్యం రోజున ఇద్దరం బందరు వెళ్లాం. కోర్టు బయట వేపచెట్టు కింద ప్రభుత్వ ప్లీడరు గారు మాకు పాఠం చెప్పారు. ఆయన చెడ్డవాడు కాదు, కేసు గెలవాలని ఆయన తాపత్రయం.

“సింపుల్ సార్. అత్యవసర పరిస్థితి, ప్రాణాలు కాపాడ్డానికి కొట్టాం, నీళ్లు దిగాయి. ఆక్రమణ అని అనుమానం ఉండింది అనండి. అనుమానం ఉండటం అబద్ధం కాదుగా.”

“నీళ్లు దిగలేదండీ.”

“కాసిని దిగాయిగా!”

ఈఈ గారు బోనెక్కారు. వాది తరఫు వకీలు వయసులో చిన్నవాడు, పెద్ద పోరాటానికి సిద్ధపడి కాగితాలు దొంతరగా పెట్టుకుని ఉన్నాడు. పాపం, వాటి అవసరమే రాలేదు.

“చెరువు ప్రభుత్వ స్థలంలో ఉందా?”

“లేదండి. పూర్తిగా ఆయన పట్టాలోనే ఉంది.”

“గట్టు కొట్టడం వల్ల ముంపు తగ్గిందా?”

“కాసేపు కొద్దిగా. అడ్డం దిగువన ఉంది. అది తీశాకే తగ్గింది.”

“దిగువన అడ్డం ఉండొచ్చని మీకు ముందు ఎవరైనా చెప్పారా?”

“మా ఏఈ గారు చెప్పారు. పడవ వచ్చేదాకా ఆగమన్నారు.”

ప్లీడరు గారు కళ్లు మూసుకున్నారు. వకీలు అక్కడ ఆగి ఉంటే సరిపోయేది. కానీ వయసులో ఉన్నాడు, ఆసక్తి ఆపుకోలేకపోయాడు.

“మరి ఎందుకు కొట్టించారండీ?”

ఈఈ గారు బోను కర్ర మీద చేతులు పెట్టుకున్నారు. 

“ఆయన నా స్నేహితుడు, మా లాడ్జి మనిషి కాబట్టి వదిలేస్తున్నానని జనం అన్నారండి. కాదని చూపించడానికి కొట్టించాను. వేరేవాళ్ల చెరువైతే పడవ కోసం ఆగేవాణ్ని.”

జడ్జి గారు కలం ఆపి తలెత్తారు. “మీరిద్దరూ ఒకే లాడ్జిలో సభ్యులా?”

“అవునండి. ఇది జరిగాక కలిసి కూర్చోలేదు.”

ఐస్ ఫ్యాక్టరీ ఆయన వెనక వరసలో కూర్చుని ఉన్నారు. నేను తిరిగి చూశాను. ఆయన తల దించుకుని తన చేతులు చూసుకుంటున్నారు. బయట ఇద్దరూ ఎదురుపడ్డారు గానీ ఒకరికొకరు దారి ఇచ్చుకుని వెళ్లిపోయారు.

దావాలో ఐస్ ఫ్యాక్టరీ ఆయనకు అనుకూలంగా తీర్పు వచ్చింది. మా వాళ్లు అప్పీలుకు వెళ్లలేదు, వెళ్లడానికి ఏమీ మిగల్లేదు. కానీ వార్త ఆఫీసులన్నీ తిరిగింది. దారిలో రూపు మారింది. “లాడ్జివాళ్లు ఇద్దరూ లోపల కూడబలుక్కుని ప్రభుత్వం చేత డబ్బు కట్టించారు” అన్నారు. స్నేహితుడి పక్షం వహించారన్న మాట పడకూడదని ఈఈ గారు గట్టు కొట్టించారు. నిజం చెప్పాక అదే మాట, ఇంకాస్త పెద్దదై, ఆయన ఒళ్లోకే వచ్చి పడింది. రిటైర్మెంటు దగ్గర పడుతుండగా ఛార్జి మెమో ఇచ్చారు. వాదితో కుమ్మక్కై శాఖ ప్రయోజనాలు దెబ్బతీశారని అభియోగం. అడ్డుకట్ట వేసిన గొడుగు పెద్దమనిషి మీద మేం పెట్టిన కేసు మాత్రం ఎక్కడో పడుకుంది. నాకు తెలిసి ఇంకా లేవలేదు.

ఎంక్వయిరీకి హైదరాబాదు నుంచి సీనియర్ అధికారి ఒకాయన వచ్చారు. నన్ను సాక్షిగా పిలిచారు.

“వాదికి ఆయన ఎప్పుడైనా ప్రత్యేకంగా మేలు చేయడం మీరు చూశారా?”

“చూళ్లేదండి. ప్రత్యేకంగా ఎందుకు, మామూలు రైతుకు చేసేపాటి కూడా చేయలేదు. మామూలు రైతైతే ఫోన్ ఎత్తేవారు.”

నా తర్వాత ఐస్ ఫ్యాక్టరీ ఆయన్ని పిలిచారు. ఆయన రావాల్సిన అవసరం లేదు, రానన్నా ఎవరూ ఏమీ చేయలేరు. వచ్చారు. మీరూ ఈఈ గారూ ముందుగా మాట్లాడుకున్నారా అని అడిగితే, ఆయన కుర్చీలో ముందుకు జరిగి, “మాట్లాడుకుంటే నాకెందుకండీ ఈ బాధ!” అన్నారు. “గట్టు తెగిన రోజు నుంచి ఈయన నాతో ఒక్క మాట మాట్లాడలేదు. తప్పయిందని జడ్జి గారికి చెప్పారు. మీకు చెప్పారు. అందరికీ చెప్పారు. నాకు తప్ప.”

ఈఈ గారు కిటికీ వైపు చూస్తున్నారు.

అభియోగం రుజువు కాలేదు. తొందరపాటు నిర్ణయానికి మందలింపు రాసి వదిలేశారు. ఆ ఉత్తర్వు ఈఈ గారు రిటైరైన కొద్దిరోజులకు ఆయన చేతికి వచ్చింది. ఆయనే నాకు ఫోన్ చేశారు. 

“ఇప్పుడిక ఏ కేసూ లేదు కదమ్మా?”

“ఏమీ లేదు సార్.”

“వన్‌టౌన్‌లో నీకేమైనా పనుందా? నాతో వస్తావా?”

నాకు పనేమీ లేదు. ఉందని చెప్పి నా కార్లో తీసుకెళ్లాను. ఐస్ ఫ్యాక్టరీ ముందు లారీ ఆగి ఉంది. కూలీలు మంచు దిమ్మలు కొక్కేలతో లాగి మిషన్లో వేస్తున్నారు, అవి ముక్కలై చేపల పెట్టెల్లో పడుతున్నాయి. యజమాని లారీ పక్కన నిలబడి అరుస్తున్నారు. మమ్మల్ని చూసి ఆగారు. ఈఈ గారు నీళ్లు కారుతున్న ఆ వాకిట్లోనే, కూలీలందరి ఎదుటా, గట్టిగా, దూరం నుంచి కూడా వినబడేలా అన్నారు.

“మీ చెరువు అనవసరంగా కొట్టించానండీ. మీ ఫోను ఎత్తలేదు. తప్పు చేశాను. క్షమించమని అడగడానికి వచ్చాను.”

మిషన్ దగ్గరి కుర్రాళ్లు చేతులాపి చూశారు. ఐస్ ఫ్యాక్టరీ ఆయన చొక్కా చేత్తో మొహం తుడుచుకున్నారు.

“లోడు వెళ్లాలి సార్. చేప పాడైపోతుంది. అలా లోపల కూర్చోండి, వస్తాను.”

ఈఈ గారు లోపలికి వెళ్లి తడి బల్ల మీద కూర్చున్నారు. అది ఆయన స్నేహితుడి చోటు, నాది కాదని నేను కార్లోకి వచ్చేశాను. లారీ వెళ్లింది. ఎవరో కుండలో బిర్యానీ తీసుకుని లోపలికి వెళ్లారు. తర్వాత టీలు వెళ్లాయి. నాకూ ఒక గ్లాసు కార్లోకి పంపారు. వాళ్లేం మాట్లాడుకున్నారో నాకు తెలియదు. ఆ తర్వాత కూడా అడగలేదు.

చాలాసేపటికి ఆయన బయటికొచ్చారు. ప్యాంటు మోకాళ్ల దాకా తడిసి ఉంది. కారెక్కి తలుపు వేసుకున్నారు.

“వచ్చే శనివారం లాడ్జిలో మీటింగుందమ్మా,” అన్నారు. “వెళుతున్నాను.”